నీలకురింజి: పన్నెండేళ్లకోసారి పూసే కొండపువ్వు

నీలకురింజి పడమటి కనుమల ఎత్తయిన పచ్చికబయళ్లలో సహజంగా పెరిగే బహువార్షిక పూలపొద. దీని శాస్త్రీయ నామం స్ట్రోబిలాంథెస్ కుంథియానా. తెలుగువారికి చిరపరిచితమైన కనకాంబరం, అడ్డసరం మొక్కల కుటుంబమైన అకాంథేసికే ఇదీ చెందుతుంది. కేరళలోని మున్నార్ పరిసరాలు, తమిళనాడులోని నీలగిరి, పళని కొండలు దీనికి ప్రధాన ఆవాసాలు.

ఈ కొండలపై లోయల్లో షోలా అనే దట్టమైన పొట్టి వృక్షాల అడవులు, వాటిని చుట్టి విశాలమైన గడ్డి మైదానాలు ఉంటాయి. కురింజి పెరిగేది ప్రధానంగా ఈ గడ్డి వాలుల్లోనే. ఇవే నీలగిరి వరయాడుకు మేత భూములు. వర్షపు నీటిని పీల్చుకుని వాగులకు నెమ్మదిగా విడుదల చేసేవీ షోలా అడవులు, ఈ పచ్చికబయళ్లే.

మొలకెత్తిన నాటి నుంచి సుమారు పన్నెండేళ్ల పాటు ఈ మొక్క ఆకులతోనే ఎదుగుతుంది. తర్వాత ఒక ప్రాంతంలోని పొదలన్నీ దాదాపు ఒకేసారి గంట ఆకారపు ఊదా నీలి పూలు పూసి, విత్తనాలు రాల్చి, ఎండిపోతాయి. మున్నార్‌లో 2006, 2018 సంవత్సరాల్లో ఇలా పూశాయి. తదుపరి పుష్పించే కాలం 2030లో రావలసి ఉంది.

మొక్క జీవితకాలంలో విత్తనం ఇచ్చే అవకాశం ఒక్కసారే లభిస్తుంది. అందుకే సందర్శకులు కోసే ప్రతి కొమ్మ తర్వాతి తరానికి నష్టమే. పూయని ఏళ్లలో పొంచి ఉండే ముప్పు ఇంకా పెద్దది. పువ్వు లేనప్పుడు కురింజి సాధారణ పొదలా కనిపిస్తుంది; అది పెరిగే నేల బీడుగా తోస్తుంది. బ్రిటిష్ పాలన నుంచి తేయాకు, యూకలిప్టస్, వాటిల్ తోటల కోసం విస్తారమైన పచ్చికబయళ్లను మార్చివేశారు.

సంరక్షణ కోసం కేరళ ప్రభుత్వం 2006లో ఇడుక్కి జిల్లాలో సుమారు 3,200 హెక్టార్లలో కురింజిమల అభయారణ్యాన్ని ప్రకటించింది. 2022లో సవరించిన వన్యప్రాణి సంరక్షణ చట్టం మూడో షెడ్యూలులో ఈ మొక్కకు చోటు లభించింది. అంతర్జాతీయ ప్రకృతి పరిరక్షణ సమితి 2024లో దీనిని ముప్పు పొంచి ఉన్న (వల్నరబుల్) జాతుల జాబితాలో చేర్చింది.

2018లో రాలిన విత్తనాల నుంచి మొలిచిన పొదలు ఇప్పుడు గడ్డి మధ్య ఎదుగుతున్నాయి. 2030లో ఆ కొండలు నీలిరంగు దాల్చాలంటే, పువ్వులు లేని ఈ ఏళ్లలో ఆ నేలను కాపాడటమే కీలకం.