థియొడొరిక్ : ఒక పేరు చరిత్ర

కొంతకాలము క్రిందట ఐరోపా చరిత్రను గూర్చిన ఒక ప్రసంగములో థియొడొరిక్ అను రాజు పేరు చదువవలసి వచ్చినది. చదివి ఊరకుండక, ఆ పేరునకు 'దేవుడిచ్చినవాడు' అని అర్థమనియు, మన దేవదత్తుడను పేరునకు అది సాటి యనియు నేనొక మాట చేర్చితిని. వినుటకు బాగుగనే యున్నది. కాని అది తప్పు. రేడియోలో పలికిన తప్పునకు ఒక చిక్కు కలదు. కాగితముపై పడిన తప్పును తరువాతి కూర్పులో దిద్దుకొనవచ్చును. గాలిలో కలిసిన తప్పును వెదకి పట్టి తెచ్చుట యెవరి తరము? మరల ఆ గాలిలోనే ఒప్పును పలుకుట కంటె వేరు మార్గము లేదు. నేటి ప్రసంగము అట్టి దిద్దుబాటు.

తప్పు ఎట్లు పుట్టినదో ముందు మనవి చేసెదను. గ్రీకు భాషలో 'థియోస్' అనగా దేవుడు. 'డోరొన్' అనగా కానుక. ఈ రెండును కలిసి థియొడోర్ అను పేరైనది. అది నిజముగా దేవదత్తుడే. దాని ప్రక్కన థియొడొరిక్ అను పేరును నిలిపి చూచినచో, తోక యొకటి ఎక్కువైన థియొడోర్ వలెనే కనబడును. ఈ పోలికకు మోసపోయినవాడను నేనొక్కడనే కాను. పదునైదు వందల ఏండ్ల క్రిందటి లాటిన్ లేఖకులును మోసపోయిరి. జర్మానిక్ జాతుల నోట విన్న కొత్త పేరును, తమకు అలవాటైన పేరు మూసలో పోసి 'థియొడొరికస్' అని వ్రాసిరి. ఆరవ శతాబ్దికి చెందిన గ్రీకు చరిత్రకారుడు ప్రొకోపియస్ మాత్రము దేవుని ఇందులోనికి లాగక 'థెవ్‌దెరిఖోస్' అని వ్రాసెను. మూలమునకు ఈ రూపమే దగ్గర.

ఆ మూలము గాతుల భాష. గాతులు జర్మానిక్ జాతులలో ఒకరు. వారి భాషను నేడు మాటలాడువారు లేరు. అయినను నాలుగవ శతాబ్దిలో వుల్ఫిలా అను మతాచార్యుడు వారికొక లిపి కూర్చి, బైబిలును వారి భాషలోనికి మార్చెను. ఆ అనువాదమునకు చెందిన ఒక ప్రతి ఆరవ శతాబ్ది ఆరంభమున ఇటలీలో వ్రాయబడినది. ఊదారంగు అద్దిన తోలుపై వెండి, బంగారు సిరాలతో వ్రాసినందున దానికి 'వెండి గ్రంథము' అని పేరు వచ్చినది. అందులో మిగిలినవి 188 పత్రములు. ఒక్క పత్రము 1970లో జర్మనీలోని స్పైయర్ నగరమున బయటపడినది. తక్కినవన్నియు స్వీడనులోని ఉప్సాలా విశ్వవిద్యాలయ గ్రంథాలయమున నున్నవి.

గాతిక్ బైబిలు వలన మనకు రెండు మాటలు దొరకుచున్నవి. ఒకటి 'థియుద'. అనగా జనము, జాతి. రెండవది 'రీక్స్'. అనగా అధిపతి. ఈ రెంటిని కూర్చి పండితులు ఆ రాజు పేరును 'థియుదరీక్స్' అని పునర్నిర్మించిరి. కాబట్టి థియొడొరిక్ దేవదత్తుడు కాడు, ప్రజాధిపతి.

ఈ పేరులోని రెండు సగములకును వేర్వేరు చరిత్రలున్నవి. వెనుకసగమైన 'రీక్స్' మనకు పరాయిది కాదు. సంస్కృతమున 'రాజ' శబ్దము, లాటినున 'రెక్స్', ప్రాచీన కెల్టుల భాషలో 'రిక్స్', ఇవన్నియు ఒక్క వేరునుండి మొలచినవే. మనము నాగరాజనియు రంగరాజనియు పిలుచునపుడు పలుకు మాటయు, ఐరోపావారు ఫ్రెడరిక్, హెన్రీ, రిచర్డు, ఎరిక్ అనునపుడు పలుకు మాటయు దాయాదులు. అయితే జర్మానిక్ జాతులకు ఈ మాట నేరుగా పూర్వుల ఆస్తిగా రాలేదు. అట్లు వచ్చియుండినచో వారి ధ్వనిసూత్రముల ప్రకారము ఇందులో ఏకారము ఉండవలెను. ఉన్నది ఈకారము. అది కెల్టుల ఉచ్చారణ గుర్తు. అనగా అధిపతి యను మాటను వారు పొరుగువారి యొద్ద అరువు తెచ్చుకొనిరి.

ముందుసగమైన 'థియుద' అట్టిది కాదు. అది వారికి పెద్దలనుండి వచ్చిన మాట. లిథువేనియనులో 'తౌత', ప్రాచీన ఐరిషులో 'తూఅథ్' దానికి తోబుట్టువులు. అన్నిటికిని జనము, జాతి యనియే అర్థము. 786వ సంవత్సరమున ఇంగ్లండులో జరిగిన మతసభలను గూర్చి పోపునకు పంపిన నివేదికలో, నిర్ణయములను లాటినులోను 'థియొడిస్కె'లోను చదివి వినిపించిరని యున్నది. 'థియొడిస్కె' అనగా జనము మాటలో అని భావము. పండితుల లాటిన్ కానిది, సంతలోను ఇంటిలోను మాటలాడునది జనభాష. ఆ శబ్దమే కాలక్రమమున 'డాయిచ్' అయి, జర్మనులు తమ భాషకును తమ జాతికిని పెట్టుకొన్న పేరైనది. ఇంగ్లీషువారు హాలండు వారిని 'డచ్' అనుటయు దీని నుండియే. జనము సొంతము, రాజు అరువు: పేరులోని ఈ విషయమును శ్రోతలు జ్ఞాపకముంచుకొన వేడుచున్నాను.

ఇక ఈ పేరు ధరించినవారిలో మొదటి గొప్పవాని సంగతి. థియొడొరిక్ తూర్పు గాతుల రాజకుటుంబమున, సుమారు 454లో జన్మించెను. ఎనిమిదేండ్ల ప్రాయమున అతనిని సంధికి హామీగా కాన్‌స్టాంటినోపిల్ నగరమునకు పంపిరి. చక్రవర్తి కొలువున పదేండ్లు గడపి, రోమనుల పాలనావిధానమును దగ్గరగా చూచి, తనవారి యొద్దకు మరలివచ్చి రాజయ్యెను. 488లో జీనో చక్రవర్తి అతనిని ఇటలీపైకి పంపెను. అప్పుడు ఇటలీని ఏలుచున్నవాడు ఒడొయాకర్. పశ్చిమ రోమను సామ్రాజ్యపు కడపటి చక్రవర్తిని 476లో గద్దె దింపినవాడు ఇతడే. రావెన్నా నగరపు ముట్టడి మూడేండ్లు సాగినది. తుదకు ఇరువురును కలిసి ఏలుటకు ఒప్పందము కుదిరినది. నగరమున ప్రవేశించిన పదిదినములకే, 493 మార్చి 15న, థియొడొరిక్ విందులో ఒడొయాకర్‌ను తన చేతితోనే నరికి చంపెను.

ఇట్లు మొదలైన పాలన ముప్పదిమూడేండ్లు సాగి, చాలవరకు శాంతిగా నడచినదనుట చరిత్రలోని వింతలలో ఒకటి. సైన్యము గాతులది; పౌరపాలన రోమనులది. రోములోని సెనేటు నిలిచినది. రావెన్నాకు మంచినీరు తెచ్చు పాడుపడిన కాలువను ఆయన బాగుచేయించెను. ఆయన ఏరియన్ శాఖకు చెందిన క్రైస్తవుడు. ప్రజలలో అధికసంఖ్యాకులు కాథలిక్కులు. జెనోవాలోని యూదులు తమ ప్రార్థనామందిరమునకు కప్పు వేసికొన అనుమతి కోరగా ఆయన అనుమతించెను. ఇష్టము లేనివానిచేత ఏ మతమునైనను నమ్మించుట రాజాజ్ఞ వలన కాదను భావమును ఆ ఉత్తరమున మంత్రి కాసియొడొరస్ పొందుపరచెను. ఈ దినములలో థియొడొరిక్ తన పేరునకు తగినవాడు.

కాని పేరు నిలుపుకొనుట కడవరకు సాగవలసిన పని. వృద్ధాప్యమున ఆయనను అనుమానము పట్టుకొన్నది. తూర్పు చక్రవర్తితో రోమను పెద్దలు రహస్యముగా ఉత్తరములు నడుపుచున్నారని చాడీలు పుట్టినవి. నేరము మోపబడిన ఒక సెనేటరు పక్షమున బొయీథియస్ నోరు విప్పెను. ఈయన ఆనాటి పండితులలో అగ్రగణ్యుడు; రాజు కొలువులో ఉన్నతాధికారి. 522లో ఈయన కుమారు లిరువురును ఒకే యేట కాన్సల్ పదవి నందిరి. అటుపిమ్మట కొంతకాలమునకే తండ్రికి చెర ప్రాప్తించినది. చెరలో కూర్చుండి ఆయన 'తత్త్వశాస్త్ర సాంత్వనము' అను గ్రంథమును వ్రాసెను. సుమారు 524లో ఆయనకు మరణశిక్ష అమలు జరిగినది. పిమ్మట ఆయన మామగారైన సిమ్మాకస్ సైతము అదే గతి నొందెను. 526 ఆగస్టు 30న రాజును మరణించెను.

రాజు తన సమాధిని ముందే కట్టించుకొన్నాడు. నేటికిని రావెన్నాలో నిలిచియున్న ఆ కట్టడపు కప్పు ఒకే రాయి. ఆడ్రియాటిక్ సముద్రము ఆవలనున్న ఇస్ట్రియానుండి తెచ్చినది. సుమారు 10 మీటర్ల అడ్డుకొలత. 200 టన్నులకు మించిన బరువు. లోపల ఎర్రరాతి తొట్టి యొకటి యున్నది. అది ఖాళీ. 540లో తూర్పు చక్రవర్తి సైన్యము రావెన్నాను పట్టుకొన్నది. మరికొన్ని యేండ్లలో గాతుల రాజ్యమే లేకుండ పోయినది.

రాజ్యము పోయినను పేరు పోలేదు. అయితే ఇద్దరు దానిని రెండు దిక్కులకు లాగిరి. మతాచార్యులు ఆయనను పాపిగా చిత్రించిరి. ఆయన చేత చనిపోయినవారే ఆయనను అగ్నిపర్వతపు నోట పడద్రోయుట ఒక సన్న్యాసి చూచెనను కథను, ఆ శతాబ్ది చివరనే పోపు గ్రెగరీ వ్రాసెను. జానపద గాయకులు మాత్రము ఆయనను వీరునిగా పాడుకొనిరి. జర్మను గాథలలో ఆయన 'బెర్న్ నగరపు డీట్రిహ్'. ఇటలీలోని వెరోనాకే బెర్న్ అని పేరు. స్వీడనులో తొమ్మిదవ శతాబ్దికి చెందిన ర్యోక్ శిలాశాసనమున ఆయన పేరున్నది. సుమారు 1200లో వెలసిన నీబెలుంగెన్ కావ్యమున ఆయన హూణరాజు అట్టిలా కొలువులో వీరుడు. నిజమునకు అట్టిలా 453లోనే మరణించెను. జనమునకు ప్రియమైన పేరు సంవత్సరముల లెక్కకు లొంగదు.

రాజులనుండి పేరు సామాన్యుల యిండ్లకు దిగినది. ఫ్రాన్సులో త్యెర్రీ, హాలండులో డీడెరిక్, దానికి ముద్దుపేరు డిర్క్, ఇంగ్లండులో టెర్రీ, డెరెక్ అయినది. పదమూడవ శతాబ్దిలో ఇటలీలో థియొడొరిక్ అను శస్త్రవైద్యుడు, పుండునకు చీము పట్టనిచ్చుట మేలన్న నమ్మకమును ఖండించి, గాయమును శుభ్రముగా నుంచవలెనని బోధించెను. పదునాలుగవ శతాబ్ది ఆరంభమున ఫ్రైబెర్గ్ నగరపు థియొడొరిక్, నీరు నింపిన గాజుగోళములతో పరీక్షించి, ఇంద్రధనుస్సు ఎట్లు పుట్టునో నిరూపించెను.

అదే పేరు మరికొంత క్రిందికిని దిగినది. జర్మను భాషలో 'డీట్రిహ్' అనగా దొంగలు తాళము తీయు కొక్కి. రాజుపేరు దొంగతాళమున కెక్కినది. ఇంగ్లండులో ఎలిజబెత్ రాణి కాలమున డెర్రిక్ అను తలారి యుండెను. 1601లో ఎసెక్స్ ప్రభువు తల నరికినవాడు ఇతడే యని ఆ కాలపు పాటలు చెప్పును. డెర్రిక్ అను మాట ముందు తలారికి, పిదప ఉరికంబమునకు, ఆ మీద ఉరికంబము పోలికగల బరువులెత్తు యంత్రమునకు పేరైనది. ఇందొక విచిత్రమును గమనింపుడు. బొయీథియస్ చెరలో వ్రాసిన గ్రంథమును ఎలిజబెత్ రాణి 1593లో స్వయముగా ఇంగ్లీషులోనికి అనువదించినది. చంపబడినవాని పుస్తకము రాణి బల్లపైకి చేరినది. చంపించినవాని పేరు అదే రాణి వధ్యస్థానమునకు చేరినది. ఎవరును తలపెట్టి చేసిన పని కాదు. చరిత్ర అప్పుడప్పుడు తీర్పు చెప్పకయే తీర్పు చెప్పును.

నేడు ఇంగ్లీషు మాటలాడు దేశములలో థియొడొరిక్ అను నిండుపేరును బిడ్డకు పెట్టువారు అరుదు. కాని మన కృష్ణా గోదావరి తీరములలో చమురు కొరకు, వాయువు కొరకు బావి త్రవ్వునప్పుడు నిలుపు ఇనుప గోపురమును డెర్రిక్ అనియే అందురు. ఇస్ట్రియా రాతిని అంత యెత్తునకు ఎత్తించుకొన్న రాజు పేరు, వేయేండ్లు గడచిన పిదప బరువులెత్తు యంత్రమునకే చెల్లినది.

నా దిద్దుబాటు ఇది. ఆ పేరున దేవుడు లేడు. ముందు జనము, వెనుక అధిపతి యున్నారు. అధిపతి తనకని కట్టించుకొన్న సమాధిలో ఎముకయైనను మిగులలేదు. జనమను ముందుసగమో, ఒక భాషకును ఒక జాతికిని పేరై నేటికిని కోట్లమంది నోట పలుకుచున్నది. పేరు పెట్టిన తలిదండ్రులు రెండు మాటలను కలిపి ఒక కోరిక కోరిరి. దానిని చెల్లించుట, చెల్లింపకపోవుట పేరు మోసినవాని వంతు. థియొడొరిక్ ముప్పదియేండ్లు చెల్లించి, తుది రెండు మూడేండ్లలో బాకీపడెను. ఆ పేరును మోసి చెల్లించినవారిలో గాయము కడిగిన వైద్యుడును, ఇంద్రధనుస్సును వివరించిన పండితుడును ఉన్నారు. దేవదత్తుడని నేను పలికిన నాడు విన్నవారు ఈ మాటను కూడ వినియుందురని ఆశించుచు సెలవు తీసికొనుచున్నాను.