ప్రక్క గదిలోని దేశములు

స్విట్జర్లండు దక్షిణపు కొసను, మజ్జోరె సరస్సు తీరమున, లొకార్నో అను చిన్న పట్టణమున్నది. 1925 అక్టోబరు 5వ తేదీన ఐరోపా రాజ్యముల ప్రతినిధులు కొందరు అచ్చట సమావేశమైరి. జర్మనీ నుండి ఛాన్సలరు లూథర్, విదేశాంగ మంత్రి స్ట్రెసెమన్, ఫ్రాన్సు నుండి బ్రియాం, బ్రిటన్ నుండి ఆస్టిన్ చేంబర్లెన్, బెల్జియము నుండి వాండర్‌వెల్డ్ వచ్చిరి. ఇటలీ అధినేత ముస్సోలినీ చివరి దినములలో వచ్చి చేరెను. ఏడేండ్ల క్రిందటి వరకు ఆ దేశములు ఫిరంగులతోనే పలుకరించుకొనినవి. ఇప్పుడు వాని మంత్రులు ఒకే బల్లచుట్టు కూర్చుండిరి. ఒకనాడు 'నారింజపూవు' అను పేరుగల పడవ నెక్కి సరస్సుపై విహరించుచు గంటలకొలది చర్చించిరి. 16వ తేదీకి ఒప్పందములు సిద్ధమైనవి. డిసెంబరు 1న లండనులో సంతకములు జరిగినవి. యుద్ధము ముగిసినది 1918లోనే యైనను, శాంతి మొదలైనది మాత్రము లొకార్నోలోనే యని ఆనాడు పెక్కుమంది నమ్మిరి.

పదునాలుగేండ్లు తిరుగకముందే ఐరోపా మరల యుద్ధములో పడెను. ఇది ఎట్లు సంభవించెను? హిట్లరు దురాశ, ఆర్థిక మాంద్యము, ప్రజాప్రభుత్వముల పిరికితనము అను మూడు కారణములను మనము తరచుగా వినుచుందుము. అవి నిజమే. కాని హిట్లరు అధికారమునకు రాకముందే, మంచి మనస్సుతో వ్రాసిన ఆ లొకార్నో ఒప్పందములోనే ఒక లోపము కలదు. ఆ లోపమును పరిశీలించుటయే ఈ ప్రసంగోద్దేశము.

మొదట ఆనాటి పరిస్థితిని కొంచెము జ్ఞప్తికి తెచ్చుకొనవలెను. 1919 నాటి వెర్సేల్సు సంధి ప్రకారము జర్మనీ పడమట ఆల్సేస్, లొరేను ప్రాంతములను ఫ్రాన్సుకు వదలుకొనెను. తూర్పున, మరల జన్మమెత్తిన పోలండు రాజ్యమునకు సముద్రముదాక దారి యగునట్లు కొంత భూభాగమును విడిచెను. డాన్‌జిగ్ రేవుపట్టణము నానాజాతి సమితి రక్షణలో స్వతంత్ర నగరమయ్యెను. రైను నదికి పడమటనున్న జర్మను భూమిలోను, నదికి తూర్పున 50 కిలోమీటర్ల మేరలోను జర్మనీ సైన్యము నుంచరాదు, కోటలు కట్టరాదు. యుద్ధ నష్టపరిహారము 13,200 కోట్ల బంగారు మార్కులని 1921లో నిర్ణయమయ్యెను.

బాకీ సక్రమముగా చెల్లుటలేదని 1923 జనవరిలో ఫ్రెంచి, బెల్జియను సైన్యములు రూర్ లోయను ఆక్రమించెను. జర్మనీకి బొగ్గు, ఉక్కు లభించునది అచ్చటనే. జర్మను కార్మికులు పనిమాని సహాయనిరాకరణము సాగించిరి. వారిని పోషించుటకు ప్రభుత్వము లెక్కలేకుండ నోట్లు అచ్చువేసెను. ఆ నవంబరు నాటికి ఒక డాలరు వెల 4 లక్షల 20 వేల కోట్ల మార్కులకు చేరెను. మధ్యతరగతి కుటుంబములు జీవితమంతయు కూడబెట్టుకొనిన సొమ్ము ఒక రొట్టెకైనను చాలకపోయెను. ఫ్రాన్సు కూడ ఆ ఆక్రమణమువలన ఆశించిన లాభము పొందలేదు. బలప్రయోగముతో బాకీ వసూలు కాదని ఒకరికి, ఎదిరించి బ్రతుకలేమని మరియొకరికి తెలిసివచ్చెను. లొకార్నోకు దారితీసినది ఈ ఉభయుల అలసటయే.

1923లో కొద్ది మాసములు ఛాన్సలరుగా నుండి, ఆ పిమ్మట మరణపర్యంతము విదేశాంగ మంత్రిగా నున్న స్ట్రెసెమన్ 1925 ఆరంభమున ఒక ప్రతిపాదన చేసెను. పడమటి సరిహద్దును జర్మనీ మనఃపూర్వకముగా అంగీకరించును, అందుకు ఇతర రాజ్యములు పూచీ నుండవలెను అని దాని సారాంశము. లొకార్నోలో జరిగినది ఇదియే. జర్మనీ, ఫ్రాన్సు, బెల్జియములు తమ సరిహద్దులను మీరబోమనియు, రైను ప్రాంతము నిస్సైనికముగానే యుండుననియు ప్రమాణము చేసెను. ఎవరు మాట తప్పినను దెబ్బతిన్నవారి పక్షమున నిలుచుటకు బ్రిటన్, ఇటలీలు హామీ నిచ్చెను.

మరి తూర్పు సరిహద్దు మాటేమి? జర్మనీ పోలండుతోను, జెకోస్లొవేకియాతోను మధ్యవర్తిత్వపు ఒడంబడికలు చేసికొనెను. తగవు వచ్చినచో మధ్యవర్తుల యెదుట పెట్టుకొందుమని వాని అర్థము. అంతేకాని ఆ సరిహద్దులు శాశ్వతములని జర్మనీ ఒప్పుకొనలేదు. బ్రిటన్, ఇటలీలు వానికి పూచీపడలేదు. ఫ్రాన్సు మాత్రము ఆ రెండు దేశములకు తోడ్పడుదునని వేరుగా ఒప్పందములు వ్రాసియిచ్చెను.

ఆ రెండు దేశముల విదేశాంగ మంత్రులు, పోలండు నుండి స్క్రిజిన్‌స్కి, జెకోస్లొవేకియా నుండి బెనేష్, లొకార్నోకు వచ్చియే యుండిరి. కాని ముఖ్య చర్చలలో వారికి చోటు లేదు. సమావేశము ముగింపునకు వచ్చి, లోనికి పిలుపు వచ్చువరకు వారు ప్రక్క గదిలో కూర్చుండవలసివచ్చెను. ఈ సంగతిని స్ట్రెసెమన్ తరువాత తన దేశస్థుల యెదుట తృప్తితో చెప్పుకొనెను.

స్ట్రెసెమన్ కపటి యని చెప్పుట న్యాయము కాదు. అతడు యుద్ధమును కోరలేదు. కాని తన దేశము తూర్పున కోల్పోయిన భూమిని అతడు మరువలేదు. లొకార్నోకు ఒక నెల ముందు మాజీ యువరాజునకు వ్రాసిన జాబులో డాన్‌జిగ్‌ను, పోలండు నడవను తిరిగి పొందుట, తూర్పు సరిహద్దును సవరించుట తన లక్ష్యములలో నొకటియని అతడు స్పష్టముగా పేర్కొనెను. ఆ జాబు అతని మరణానంతరము 1932లో అచ్చయ్యెను. ఆస్టిన్ చేంబర్లెన్ కూడ 1925 ఫిబ్రవరిలో వ్రాసిన ఒక లేఖలో, పోలండు నడవకొరకు ఏ బ్రిటిషు ప్రభుత్వమును ఒక్క సైనికుని యెముకలనైనను పణమొడ్డదని అభిప్రాయపడెను. ఒకరు తూర్పున భూమి మారవలెనని కోరిరి. మరియొకరు అది మారినను తమకు పట్టదనిరి. మౌనముగా ఇద్దరికి సమాధానము కుదిరెను.

ఆ సంధిలో మన దేశము పేరు కూడ కలదు. దాని 9వ నిబంధన ప్రకారము, భారత ప్రభుత్వము తన అంగీకారమును తెలిపిననే తప్ప ఆ సంధివలన భారతదేశముపై ఏ బాధ్యతయు పడదు. బ్రిటిషు డొమినియనులకును ఇదే నియమము వర్తించెను. చదువుటకిది ఎంతో గౌరవముగా కనబడును. కాని నాటి భారత ప్రభుత్వమనగా వైస్రాయి ప్రభుత్వమే గదా. నానాజాతి సమితిలో మొదటినుండి సభ్యదేశమైనను, మనము కూడ ఒక విధముగా ప్రక్క గదిలోనే కూర్చుండియుంటిమి.

అయినను లొకార్నో తరువాతి కొన్ని యేండ్లు నిజముగానే మంచి యేండ్లు. 1926 సెప్టెంబరులో జర్మనీ నానాజాతి సమితిలో చేరి, కార్యవర్గమున శాశ్వత స్థానము పొందెను. చేంబర్లెన్‌కు 1925 సంవత్సరపు నోబెల్ శాంతి బహుమానము, బ్రియాం, స్ట్రెసెమన్‌లకు 1926 సంవత్సరపు బహుమానము లభించెను. 1928 ఆగస్టులో యుద్ధమును జాతీయ విధానముగా విడనాడుదుమని పారిసులో అనేక దేశములు సంతకములు చేసెను. 1930 జూన్ నాటికి, గడువునకు ఐదేండ్లు ముందుగనే, విదేశ సైన్యములు రైను ప్రాంతమును ఖాళీచేసిపోయెను. తూర్పు సంగతిని కాలమే పరిష్కరించునని నమ్మినవారిని ఆనాడు వెఱ్ఱివారని ఎవ్వరును అనలేదు.

కాని కాలము ఎదురుతిరిగెను. 1929 అక్టోబరు 3న స్ట్రెసెమన్ మరణించెను. ఆ నెలాఖరునకే న్యూయార్కు వాటాల బజారు కూలిపోయెను. అమెరికా అప్పులపై నిలిచిన జర్మను ఆర్థిక వ్యవస్థ దానితోపాటు క్రుంగెను. 1932 ఆరంభమున జర్మనీలో నిరుద్యోగులు 60 లక్షలకు మించిరి. 1928లో నాజీపక్షమునకు శాసనసభలో 12 స్థానములుండగా, 1930లో 107, 1932 జూలైలో 230 స్థానములు వచ్చెను. 1933 జనవరి 30న హిట్లరు ఛాన్సలరయ్యెను.

1936 మార్చి 7న హిట్లరు లొకార్నో ఒప్పందమును త్రోసిపుచ్చి రైను ప్రాంతములోనికి సైన్యమును పంపెను. బ్రియాం మరణించి సరిగా నాలుగేండ్లు నిండిన దినమది. రైను నదిని దాటి ఆఖెన్, ట్రియర్, సార్‌బ్రుకెన్ పట్టణములకు పోయినవి మూడు బెటాలియనులు మాత్రమే. ఫ్రాన్సు బ్రిటన్ వైపు చూచెను. జర్మనులు తమ సొంత పెరటిలోనికే గదా పోవుచున్నారని బ్రిటన్‌లో అనేకులు తలచిరి. రెండవ హామీదారైన ఇటలీ అప్పుడు అబిసీనియాపై దండెత్తి, తానే సమితి ఆంక్షలకు గురియైయుండెను. సమితి కార్యవర్గము లండనులో సమావేశమై జర్మనీ సంధిని ఉల్లంఘించినదని తీర్మానించెను. అంతకుమించి ఏమియు జరుగలేదు.

ఇచ్చట ఒక విషయము గమనింపదగినది. రైను ప్రాంతము నిస్సైనికముగా ఉండుట పడమటి రక్షణకొరకే యని పైకి తోచును. వాస్తవమునకు అది తూర్పు దేశముల ప్రాణరక్షణకు తాళపుచెవి. ఆ తలుపు తెరచియున్నంతకాలము, జర్మనీ ప్రాగు మీదనో వార్సా మీదనో పడినచో ఫ్రెంచి సైన్యము సూటిగా రూర్ లోయలోనికి పోగలదు. ఆ తలుపు మూసి కోటలు కట్టిన పిమ్మట ఫ్రాన్సు ఇచ్చిన వాగ్దానము కాగితముపై మిగిలెను. పడమటి హామీ విఫలమైన దినముననే తూర్పు దేశముల విధియు నిర్ణయమయ్యెను.

రెండున్నర యేండ్ల తరువాత, 1938 సెప్టెంబరు 29న, మ్యూనిక్ నగరములో మరియొక సమావేశము జరిగెను. హిట్లరు, ముస్సోలినీ, ఫ్రెంచి ప్రధాని డలాడియర్, బ్రిటిషు ప్రధాని నెవిల్ చేంబర్లెన్ అందు పాల్గొనిరి. ఈ నెవిల్, ఆస్టిన్ చేంబర్లెన్‌కు సవతి తమ్ముడు. దాదాపు 30 లక్షల జర్మను భాషీయులు నివసించు సుడేటెన్ ప్రాంతమును జెకోస్లొవేకియా నుండి విడదీసి జర్మనీకి ఇచ్చుటకు నలువురును ఒప్పుకొనిరి. జెకు ప్రతినిధులను ఆ సభకు రానీయలేదు. వారు హోటలు గదిలో వేచియుండిరి. అర్ధరాత్రి దాటిన పిమ్మట వారిని పిలిచి నిర్ణయమును చేతికిచ్చిరి. అప్పుడా దేశాధ్యక్షుడు, 1925లో లొకార్నోలో ప్రక్క గదిలో కూర్చుండిన ఆ బెనేషే. అక్టోబరు 5న అతడు పదవిని విడిచెను. లొకార్నో సమావేశము ఆరంభమై ఆనాటికి సరిగా పదుమూడేండ్లు.

లొకార్నోలో తనవలెనే వెలుపల వేచిన పొరుగు దేశమునకు పోలండు అప్పుడు తోడుగా నిలువలేదు. ఆ కలవరములోనే అంత్యసూచన పంపి, టెషెన్ ప్రాంతములోని జెకు భాగమును తాను తీసికొనెను. ఏడాది గడువకముందే పోలండు వంతు వచ్చెను. 1939 మార్చిలో హిట్లరు ప్రాగును ఆక్రమింపగా, ఆ నెల 31న నెవిల్ చేంబర్లెన్ పోలండు స్వాతంత్ర్యమునకు హామీ నిచ్చెను. అన్న శాంతికాలమున ఇయ్యనొల్లని పూచీని తమ్ముడు యుద్ధము గుమ్మములో నిలిచినప్పుడు ఇచ్చెను. సెప్టెంబరు 1న జర్మను సైన్యములు పోలండులో ప్రవేశించెను. 3వ తేదీన బ్రిటన్, ఫ్రాన్సులు యుద్ధమును ప్రకటించెను.

అదే దినమున వైస్రాయి లిన్‌లిత్‌గో భారతదేశము కూడ యుద్ధములో ఉన్నదని ప్రకటించెను. ప్రజాప్రతినిధులను ఒక్క మాటైనను అడుగలేదు. తెలుగు జిల్లాలు కూడ చేరియున్న మద్రాసు రాష్ట్రములో రాజగోపాలాచారి మంత్రివర్గము, ఇతర రాష్ట్రములలోని కాంగ్రెసు మంత్రివర్గములు ఇందుకు నిరసనగా రాజీనామా చేసెను. ఆ యుద్ధమున భారత సైన్యములో చేరి పనిచేసినవారు 25 లక్షలకు పైబడిరి.

లొకార్నో పెద్దలు చెడ్డవారు కారు. వారు చేయగలిగినంత శాంతిని వారు చేసిరి. అంతకన్న ఎక్కువ చేయుటకు వారి ప్రజలు ఆనాడు ఒప్పుకొనియుండెడివారు కారేమో. కాని ఒక సరిహద్దునకు పూచీ యిచ్చి, మరియొక దానిని గూర్చి మిన్నకుండినప్పుడు, ఆ మౌనము కూడ ఒప్పందములో భాగమే యగును. బలవంతుడు దానిని శ్రద్ధగా చదువుకొనును. ఎచ్చట అడుగు పెట్టినచో ఎవరును అడ్డురారో దానివలన నేర్చుకొనును.

కావున ఏ శాంతి సభను గూర్చి వినినను, బల్లచుట్టు ఎవరు కూర్చుండిరని అడుగుటతో సరిపెట్టుకొనరాదు. ప్రక్క గదిలో ఎవరున్నారని కూడ అడుగవలెను. ఐరోపా ఆ ప్రశ్నను 1925లో అడుగలేదు. 1938లో అడిగినవారి మాట ఎవరును వినలేదు.