యాస దాచుడు బందైంది, మరి ఇంటిపేరు?

ఈ ఎపిసోడ్‌లో ఒక అమెరికా సినిమాతో మొదలుపెట్టి, మన నల్లగొండ, పాలమూరు దాకా వద్దాం. ఎందుకో మధ్యలో మీకే అర్థమైతది.

సినిమా పేరు 'పాసింగ్'. 2021లో వచ్చింది, మొత్తం బ్లాక్ అండ్ వైట్. నెల్లా లార్సెన్ అనే రచయిత్రి 1929లో రాసిన నవల ఆధారంగా తీసిండ్రు. ఇద్దరు నల్లజాతి ఆడవాళ్లు, చిన్నప్పటి దోస్తులు, చాలా ఏండ్ల తర్వాత ఒక హోటల్‌లో కలుస్తరు. ఇద్దరి ఒంటి రంగు కూడా తెలుపుకు దగ్గరగా ఉంటది. ఐరీన్ నల్లజాతి డాక్టర్‌ను పెళ్లి చేసుకుని, తన వాళ్ల మధ్యనే ఉంటది. క్లేర్ మాత్రం తెల్లావిడగా బతుకుతుంటది. ఆమె భర్తకు నల్లవాళ్లంటే అసహ్యం. తన భార్య ఎవరో అతనికి తెల్వదు. ఇట్ల ఒక గుర్తింపు దాచి ఇంకో గుర్తింపుతో బతకడాన్నే అక్కడ పాసింగ్ అంటరు. ఈ సినిమా డైరెక్టర్ రెబెకా హాల్ వాళ్ల అమ్మమ్మ భర్త, అంటే సొంత తాత కూడా ఇట్లనే తెల్లవాడిగా బతికినాయనే.

ఎందుకు దాచాలె? అప్పటి చట్టం అట్లుంది. హోమర్ ప్లెసీ అని ఒకాయన ఉండె. ఆయనలో నల్లజాతి వాటా ఎనిమిదో వంతు. చూస్తే తెల్లవాడే. 1892లో లూసియానాలో తెల్లవాళ్ల రైలుపెట్టె ఎక్కిండు. సప్పుడు చెయ్యకుండ కూసుంటే ఎవరూ అడగకపోయేవాళ్లు. కానీ చట్టాన్ని కోర్టుకు ఈడ్వాలని, తానెవరో తానే చెప్పి అరెస్టయిండు. 1896లో సుప్రీంకోర్టు వేరువేరు పెట్టెలు సరైనవే అని తీర్పిచ్చింది. 1924లో వర్జీనియా రాష్ట్రం ఇంకో అడుగు ముందుకేసింది. నల్లజాతి రక్తం ఏ కొంచెం ఉన్నా తెల్లవాళ్ల లెక్కలోకి రారని చట్టం చేసింది. మంచి పని, మంచి ఇల్లు, ఓటు, గౌరవం అన్నీ గీతకు అవతల ఉన్నయి. కొందరు సప్పుడు లేకుండ ఆ గీత దాటిండ్రు.

దానికి కట్టిన ధర ఏంది? సొంత మనుషులు. 'ఇమిటేషన్ ఆఫ్ లైఫ్' అనే కథను హాలీవుడ్ 1934లో ఒకసారి, 1959లో ఒకసారి తీసింది. అందులో తెల్లగా ఉన్న బిడ్డ, నల్లటి తల్లిని నా తల్లే కాదంటది. 2020లో బ్రిట్ బెనెట్ రాసిన 'ది వానిషింగ్ హాఫ్' నవలలో కవలలైన అక్కచెల్లెళ్లు విడిపోతరు. ఒకరు తెల్లావిడగా మారి, పుట్టిన ఇంటిని మొత్తం తుడిచేసుకుంటది. క్లేర్ అయినా, వీళ్లయినా, పోగొట్టుకున్నది ఒకటే: ఇంటికి పోయే తొవ్వ.

ఇగ మన దగ్గరికి వద్దాం. మన కులం రంగు మీద రాసి ఉండదు. అట్లయితే దాచుడు ఇక్కడ సులువు కావాలె కదా? కాదు. ఇక్కడ గుర్తుపట్టే పద్ధతి వేరే ఉంది. "మీ ఇంటిపేరు ఏంది?" "ఏ ఊరు? ఊర్లో ఎక్కడ?" "మీ నాయన ఏం చేస్తడు?" మూడు ప్రశ్నలు చాలు. హైదరాబాద్‌లో రూమ్ వెతికినోళ్లకు నాలుగోది కూడా తెలుసు: "నాన్‌వెజ్ తింటరా?"

అందుకే చాలామంది ఇంటిపేరును ఒక్క అక్షరానికి కుదించుకుంటరు. పేరు ముందు ఇనిషియల్, అంతే. కానీ పాస్‌పోర్ట్‌లో ఇంటిపేరు పూర్తిగా రాయాలె. సాఫ్ట్‌వేర్ ఆఫీసులో చేరితే అదే లాస్ట్ నేమ్ అయి ఈమెయిల్ ఐడీలో కూసుంటది. కొలీగ్ అది చూసి, "మీ వాళ్లు మా ఊరి దిక్కు ఉన్నారు కదా" అని మాట కలుపుతడు. ఆ మాట వెనుక ప్రశ్న ఏందో ఇద్దరికీ తెలుసు.

దీన్ని బాగా రాసినామె సుజాత గిడ్ల. కాజీపేటలో దళిత క్రైస్తవ కుటుంబంలో పుట్టింది. వరంగల్ ఆర్‌ఈసీలో చదివి, అమెరికా పోయి, న్యూయార్క్ సబ్‌వే రైళ్లలో కండక్టర్‌గా పనిచేసింది. 2017లో ఇంగ్లిష్‌లో 'యాంట్స్ అమాంగ్ ఎలిఫెంట్స్' అనే పుస్తకం రాసింది. ఆమె చెప్పే మాట సారం ఇది: ఊరు దాటినంక కులం గురించి అబద్ధం చెప్పొచ్చు, కానీ అప్పుడు నీ ఇంటి కథ ఎవ్వరికీ చెప్పలేవు. ఎందుకంటే ఆ కథలోనే కులం ఉంది. క్లేర్ కట్టిన ధర, ఇక్కడ కట్టే ధర ఒక్కటే అన్నట్టు.

ఇది సముద్రం దాటితే పోతదా? పోలేదు. అందుకే 2023 ఫిబ్రవరిలో సియాటిల్ నగరం కుల వివక్షను చట్టంతో నిషేధించింది. అమెరికాలో అట్ల చేసిన మొదటి నగరం అదే.

ఇక్కడ ఒక ప్రశ్న వస్తది. దాచుడు ఎప్పటికైనా ఆగుతదా? ఆగిన ఒక ఉదాహరణ మన కండ్ల ముందే ఉంది. అది యాస.

కోదాడ దగ్గర గుడిబండలో పుట్టిన కాంతారావు కత్తి యుద్ధాల హీరో. మనిషి నల్లగొండోడు, తెరమీద మాట మాత్రం మన దిక్కుది కాదు. తర్వాత చాలా ఏండ్లు తెలుగు సినిమాల తెలంగాణ యాస అంటే రౌడీకో, కమెడియన్‌కో. 1980లో వచ్చిన 'మా భూమి' లాంటివి చాలా తక్కువ. అందుకే మన జిల్లాల నుంచి హైదరాబాద్‌కు చదువుకు పోయిన ముందు తరంలో చాలామంది "ఏంది"ని "ఏంటి" చేసుకుండ్రు. బస్సు దిగంగనే నాలుక మార్చుకునుడు కూడా ఒక పాసింగే. 2014లో రాష్ట్రం వచ్చింది. 2017లో 'ఫిదా'లో హీరోయిన్ భానుమతి ఇదే యాసల మాట్లాడితే జనం చప్పట్లు కొట్టిండ్రు. 2023లో 'బలగం' వచ్చింది. నాలుక అదే, ఇనేటోళ్లు మారిండ్రు. అంటే సిగ్గు యాసల లేకుండె, నవ్వినోళ్ల దగ్గర ఉండె.

మరి ఇంటిపేరు దాచుడు ఎందుకు బంద్ కాలే? ఎందుకంటే యాసకు నవ్వేటోళ్లే ఉండిరి, కులానికి చంపేటోళ్లు ఉన్నరు. 2018 సెప్టెంబర్‌లో మిర్యాలగూడలో, కులాంతర వివాహం చేసుకున్న ఒక దళిత యువకుడిని ఆస్పత్రి ముందు పట్టపగలు నరికి చంపిండ్రు. ఆయన కులం దాచి పెళ్లి చేసుకోలేదు. 2025 మార్చిలో నల్లగొండ కోర్టు ఒకరికి ఉరిశిక్ష, ఆరుగురికి యావజ్జీవం వేసింది. శిక్ష పడింది, నిజమే. కానీ ఇట్లాంటిది చూసిన పిల్లగాడు రేపు పేరు పూర్తిగా చెప్పడానికి జంకితే, వాణ్ని పిరికోడు అనొద్దు.

అయినా దాచకుండ నిలబడ్డ చరిత్ర కూడా మనకుంది. 1888లో హైదరాబాద్‌లో పుట్టిన మాదరి భాగయ్య, దళితుడు. మనకు భాగ్యరెడ్డి వర్మగా తెలుసు. 'వర్మ' ఆర్యసమాజ్ వాళ్లు ఇచ్చిన బిరుదు. ఆ పేరు వింటే పై కులమనే అనుకుంటరు. ఆయన కావాలనుకుంటే ఆ పేరు చాటున బతికేసేవాడేమో. కానీ తన వాళ్ల పిల్లల కోసం బడులు పెట్టిండు. 1917లో బెజవాడలో పంచమ మహాసభకు అధ్యక్షత వహించి, 'పంచమ' అనే పేరే వద్దు, మేం ఆది ఆంధ్రులం అని చెప్పిండు. రైల్ల ప్లెసీ చేసింది, బెజవాడలో ఈయన చేసింది ఒక్కటే. గీత దాటి మాయం కాలే, గీతనే ప్రశ్నించిండ్రు.

కానీ దోస్తులు, అందరినీ ప్లెసీ లెక్క, భాగ్యరెడ్డి వర్మ లెక్క ధైర్యంగా ఉండమనడం న్యాయం కాదు. దాచినోణ్ని "నువ్వు ఎందుకు దాచినవ్" అని అడగడం సులువు. అడగాల్సింది అవతలోణ్ని. కొత్త రూమ్‌మేట్ వచ్చినా, టీమ్‌లో కొత్త మనిషి చేరినా, "ఇంటిపేరు ఏంది" అని నోటి దాకా వస్తది కదా. అది తెలుసుకుని ఏం చేద్దామని అడుగుతున్నమో ఒక్కసారి ఆలోచించుకోండి. యాస విషయంలో ఇనేటోళ్లు మారిండ్రు. ఈ విషయంలో మారాల్సింది అడిగేటోళ్లే.

ఉంటా మరి. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం.