జెమ్‌స్త్వో డాక్టరు చెహోవ్

చెహోవ్ అనగానే మనకు కథకుడూ, నాటకకర్తా గుర్తుకు వస్తారు. ఆయన పల్లె వైద్యుడుగా తిరిగి, స్థానిక సంస్థకు సభ్యుడుగా యెన్నికై, బడులు కట్టించిన సంగతి అంతగా ప్రచారంలో లేదు. ‘చిన్న పనుల’ వల్ల సమాజం మారుతుందా అన్న చర్చ మన విద్యార్థి మిత్రుల్లో తరచు వస్తూంటుంది గనుక, ఆ చరిత్రను పరిశీలించడం అవసరమని నేను భావిస్తున్నాను.

చెహోవ్ తాత భూస్వామి కింద బానిస రైతు. 1841లో డబ్బు చెల్లించి కుటుంబాన్ని విడిపించుకున్నాడు. మనుమడు 1884లో మాస్కోలో వైద్యపట్టం పొంది, 1892లో లొపాస్న్యా రైలు స్టేషను దగ్గర మేలిహొవో గ్రామంలో ఎస్టేటు కొన్నాడు. బానిస మనుమడు భూమికి యజమాని అయ్యాడు! ఆ వైరుధ్యాన్ని దాచడం అనవసరం.

1891 కరువు వెనుకనే కలరా బయలుదేరింది. 25 గ్రామాలు, 4 ఫాక్టరీలు, వొక మఠం ఉన్న ప్రాంతాన్ని చెహోవ్ జీతం లేకుండా తన బాధ్యతగా తీసుకున్నాడు. రోగులకు పాకలు వేయడానికి సొమ్ము చాలదు. ధనికుల గుమ్మాలెక్కి అడిగాడు. కొందరు యిచ్చారు. రోగులకు చోటివ్వడానికి మఠాధిపతి వొప్పుకోలేదు. కలరా ఆ ప్రాంతం దాకా రాలేదు. కాని మామూలు రోగులు తెల్లవారేసరికే వాకిట్లో ఉండేవారు.

జెమ్‌స్త్వోలు 1864లో యేర్పడ్డాయి. రోడ్లు, బడులు, ఆసుపత్రులు వాటి పని. 1890 చట్టం వాటిలో ప్రభువర్గం పట్టును బిగించింది. రైతులు పేర్లు మాత్రమే సూచించవచ్చు, వారిలోనుంచి సభ్యులను నిర్ణయించేది గవర్నరు. అట్టి సంస్థకే, సెర్పుహొవ్ జిల్లాలో, చెహోవ్ 1894లోనూ, తిరిగి 1897లోనూ యెన్నికైనాడు. తాలెజ్‌లో 1896లో, నొవోస్యోల్కిలో 1897లో, మేలిహొవోలో 1899లో బడులు లేచాయి. 1897 జనాభా లెక్కలకు యిల్లిల్లూ తిరిగాడు. ఆ మార్చిలోనే క్షయ వల్ల నెత్తురు కక్కుకున్నాడు.

యింత చేసిన మనిషి దాన్ని గురించి యేమి రాశాడు? 1896 నాటి ‘మిద్దెగది యిల్లు’ కథలో, బడులూ మందులూ రైతు సంకెళ్ళను మరింత బిగిస్తున్నాయని వొక చిత్రకారుడు వాదిస్తాడు. జెమ్‌స్త్వో కార్యకర్త లీదా చేతులు ముడుచుకు కూర్చోలేనంటుంది. రచయిత యెవరినీ గెలిపించలేదు. 1897 నాటి ‘రైతులు’ కథలో పల్లెజనం తమ కష్టాలన్నిటికీ జెమ్‌స్త్వోనే నిందిస్తారు. ఆ కథలో వొక పుటను సెన్సారు తీయించాడు. 1900 నాటి ‘లోయలో’ కథలో తోళ్ళ ఫాక్టరీ యేటినీళ్ళను పాడుచేస్తుంది. మూయవలసిన ఆ ఫాక్టరీ, పోలీసు అధికారికీ జిల్లా డాక్టరుకూ నెలకు చెరి పది రూబుళ్ళు ముట్టజెప్పి రహస్యంగా నడుస్తుంది. తన వృత్తిని కూడా ఆయన విడిచిపెట్టలేదు.

చెహోవ్ విప్లవకారుడు కాడు. ఆయనకు ఆ బిరుదు తగిలించనక్కరలేదు. భూమి యెవరిదన్న ప్రశ్నను ఆయన కూర్చున్న సభ ముట్టుకోలేదు, ముట్టుకోగల నిర్మాణమూ దానికి లేదు. అయితే, ఆ పనిని చిల్లరపని అని తోసిపుచ్చేవారు వొక విషయం మరచిపోతున్నారు: వ్యవస్థ యెక్కడ అడ్డుపడుతుందో ఆయనకు తెలిసింది ఆ పనిలోనే. మందు యివ్వడం తప్పు కాదు. మందుతోనే రోగం పోతుందని ప్రజలకు చెప్పడం తప్పు. చెహోవ్ మందు యిచ్చాడు, ఆ అబద్ధం మాత్రం చెప్పలేదు.