తగరము: కళాయినుండి కడలివఱకు



మన బల్మూరు ప్రాంతమున కళాయి నెఱుగనివారు లేరు. ఇత్తడిగిన్నెలో చింతపండుపులుసు నిలువయుంచినచో కిలుము పుట్టును. ఆ కీడును తప్పించుటకే మనవారు గిన్నెను కాచి, నవాసారము చల్లి, లోపల తగరము పూయించుచుండిరి. తగరము 232 డిగ్రీల వేడిమికే కరగును గావున చిన్నకొలిమియే చాలును. ఆ లోహము కొంచెము కడుపున పడినను దేహమునకు మిక్కిలి తక్కువగా పట్టును.

1849లో ఆంగ్లరసాయనజ్ఞుడు ఎడ్వర్డు ఫ్రాంక్లాండు ఈ తగరమునే ఇథైల్ అయొడైడుతో కలిపి క్రొత్తపదార్థమును పుట్టించెను. అందు తగరపు పరమాణువు కర్బనమును సూటిగా పట్టుకొనియుండును. తగరమునకు నాలుగు చేతులున్నవనుకొనుడు. వానిలో మూడు కర్బనమును పట్టినప్పుడు విషము మిక్కుటమగును.

1954లో ఫ్రాన్సుదేశమున సెగగడ్డలకు స్టాలినాన్ అను మందు నమ్మిరి. అందలి తగరసమ్మేళనమున ఈ మూడుచేతుల విషము మాలిన్యముగా కలిసెను. మెదడు వాచి సుమారు నూరుమంది మరణించిరి.

పిమ్మట, ఓడల అడుగున నాచును గుల్లలును అంటకుండుటకు మూడు బ్యూటైలు సమూహములుగల తగరమును రంగులో కలిపిరి. ఓడలు శుభ్రముగానే యుండెను. కాని రేవునీట ఆడునత్తలకు మగలక్షణములు పుట్టి సంతతి క్షీణించెను. ఫ్రాన్సులోని ఆర్కషోన్ అఖాతమున ఆల్చిప్పల పెంపకము దెబ్బతినెను. 2001లో కుదిరిన అంతర్జాతీయపు టొడంబడిక 2008లో అమలునకు వచ్చి ఆ రంగును నిషేధించెను.

కళాయివాడు వాకిట కూర్చున్నప్పుడు, “సీసము కలుపలేదు గదా?” యని ఇంటిపెద్దలు అడుగుట మంచి వాడుక. మందు కొనునప్పుడును, రంగు కొనునప్పుడును, అందేమి కలిసినదో అట్లే అడిగి తెలిసికొనవలెను.