కస్తూరి శివరావుకు దక్కని రెండో ఆట

కస్తూరి శివరావు కుర్రతనానికి సినిమా ఇంకా మూగది. 1913 మార్చి 6న కాకినాడలో పుట్టిన ఆయనకు ఊహ తెలిసేసరికి గోదావరి జిల్లాల్లో బొమ్మ వచ్చింది గానీ దానికి నోరు రాలేదు. తెర మీద మనుషులు పెదవులు కదిపేవారు. నడుమ నడుమ ఇంగ్లీషులోనో హిందీలోనో అక్షరాలు పడేవి. నేల టిక్కెట్టు కొన్న జనంలో వాటిని చదవగలిగినవాళ్ళు ఎంతమంది? అందుకని తెర పక్కన ఒక మనిషి నిలబడి కథ చెప్పేవాడు. రాజు మాట్లాడితే రాజు గొంతు పెట్టాలి, రాణి ఏడిస్తే రాణిలా ఏడవాలి, గుర్రం పరుగెత్తితే డెక్కల చప్పుడు చెయ్యాలి. రీలు తెగి జనం గోల చేస్తే అతికించేదాకా తన సొంత సరుకుతో వాళ్ళను కూర్చోబెట్టాలి. శివరావు బతుకు మొదలైంది ఆ పనితోనే.

ఆయన నటనంతా ఆ తెర పక్క చోటులోనే తయారైందని నా నమ్మకం. చీకట్లో వందల ముఖాలకు ఎదురుగా నిలబడి, ఏ మాటకు నవ్వుతారో ఏ మాటకు నవ్వరో రాత్రికి రాత్రి తెలుసుకునే బడి ఇంకెక్కడుంటుంది? ఆ వ్యాఖ్యానాల్లో ఒక్క ముక్కా మనకు మిగల్లేదు. ఏ ఆటకు ఆ ఆట చెప్పి వదిలేసిన మాటలవి. ఒక కళాకారుడి తొలినాళ్ళ పని పూర్తిగా గాలిలో కలిసిపోయిందంటే, ఆయన కథలో నాకు అన్నిటికన్నా ముందు గుచ్చుకునేది అదే.

1932లో ‘భక్త ప్రహ్లాద’ వచ్చింది. బొమ్మ తెలుగులో మాట్లాడింది. తెర పక్క మనిషికి పని పోయింది. ఇది మన ఒక్కచోట జరిగింది కాదు. జపాన్‌లో ఈ పని చేసేవారిని బెన్షీలు అనేవారు. అక్కడ వాళ్ళకు సినిమా తారలంత పేరుండేది. టాకీలు వచ్చాక వాళ్ళూ వీధిన పడ్డారు. దర్శకుడు అకిరా కురొసావా అన్నగారు ఆ పనిలోనే ఉండి 1933లో ప్రాణం తీసుకున్నాడు. శివరావు మాత్రం నిలదొక్కుకున్నారు. నాటకాలు ఆడారు, పద్యం పాడారు. కాకినాడవారే అయిన చిత్తజల్లు పుల్లయ్య 1939లో ‘వరవిక్రయం’ తీసినప్పుడు అందులో వేషం కట్టారు. భానుమతికి కూడా మొదటి సినిమా అదే. ఆ పైన ‘చూడామణి’, ‘స్వర్గసీమ’. చిన్న వేషాలే అయినా మనిషి కనిపించగానే జనం కదలడం మొదలైంది.

అసలు మలుపు 1948లో వచ్చిన ‘బాలరాజు’. ఘంటసాల బలరామయ్య తీసిన ఆ జానపదంలో నాయకుడు అక్కినేని నాగేశ్వరరావు. యలమంద వేషం వేసిన శివరావును జనం నాయకుడితో సమానంగా నెత్తిన పెట్టుకున్నారు. మరుసటి ఏడు ‘లైలా మజ్ను’, ‘రక్షరేఖ’. అదే ఏడాది చివర, 1949 డిసెంబరులో, వాహినీవారి ‘గుణసుందరి కథ’.

దీని దగ్గర కాస్త ఆగాలి. కె.వి. రెడ్డి దర్శకుడు, మాటలూ పాటలూ పింగళి నాగేంద్రరావు. షేక్‌స్పియర్ లియర్ రాజు కథను తెలుగు జానపదం చేశారు. తండ్రి మనసుకు నచ్చే జవాబు చెప్పని చిన్నకూతురు గుణసుందరిని, రాజు కోపం కొద్దీ ఒక కురూపి అవిటివాడికి కట్టబెడతాడు. ఆ మొగుడే దైవాధీనం, ఆ వేషమే శివరావుది. పెద్దల్లుళ్ళు హరమతి, కాలమతి. కాలమతిగా వేసినది రేలంగి వెంకట్రామయ్య. నిజానికి దైవాధీనం శాపంలో ఉన్నవాడు. మామగారి ప్రాణం నిలిపే మణి కోసం వెళ్ళి సాధించుకొస్తే తోడల్లుళ్ళు కాజేస్తారు. ఎలుగుబంటిగా మారిపోతాడు. చివరికి శాపం తీరుతుంది.

ఈ కథను మోయాల్సింది నవ్వించేవాడే. జనం అతని వాలకం చూసి నవ్వాలి, అంతలో అతని భార్య కష్టానికి కళ్ళు తడవాలి, ఆఖరికి వీడే గెలవాలని ఆశపడాలి. రెండు గంటలకు పైగా నడిచే బొమ్మలో ఈ మూడింటినీ ఒకే ఒంటి మీద నడిపించడం ఎంత కష్టమో ఆ సినిమా చూసినవారికి తెలుసు. అందగాడు నాయకుడుగా ఉండాలన్న లెక్క అప్పటికే గట్టిపడుతున్న రోజుల్లో, కె.వి. రెడ్డి అంతటివాడు కథను తీసుకెళ్ళి హాస్యగాడి చేతిలో పెట్టాడు. శివరావు ఆ నమ్మకాన్ని నిలబెట్టారు. తెలుగులో తార హోదా పొందిన మొదటి హాస్యనటుడు ఆయనే. మద్రాసులో బ్యూక్ కారులో తిరిగేవారని, అది ఆగిన చోటల్లా జనం మూగేవారని పాతవాళ్ళు చెప్పుకుంటారు.

భిలాయి క్యాంప్ 1లో కూర్చుని ఇది రాస్తున్నాను కనుక, ఆ జనం ఎవరన్నది నాకు ముఖ్యం. భిలాయిలో ఉక్కు కర్మాగారం కట్టడానికి సోవియట్ యూనియన్‌తో ఒప్పందం 1955లో కుదిరింది. 1959 ఫిబ్రవరి 4న మొదటి బ్లాస్ట్ ఫర్నేస్‌ను రాష్ట్రపతి రాజేంద్ర ప్రసాద్ ప్రారంభించారు. ఆ నడిమి ఏళ్ళలో శ్రీకాకుళం, విజయనగరం వైపు పల్లెల నుంచి రాయగడ మీదుగా రైలెక్కి వచ్చినవాళ్ళు ఎందరో. మట్టి మోసి, కాంక్రీటు పోసి, పని అయ్యేదాకా ఉందామని వేసుకున్న గుడిసెల్లోనే స్థిరపడిపోయారు. తాత్కాలికంగా వేసిన క్యాంపులు అదే పేరుతో ఊళ్ళయ్యాయి. మా తొలితరం కుర్రతనం సరిగ్గా ‘బాలరాజు’, ‘గుణసుందరి కథ’ రోజులది. టూరింగ్ టాకీసు డేరాలో, ఇసక మీద కూర్చుని శివరావును చూసి పడీ పడీ నవ్విన వయసు వాళ్ళది. ఆయన కారు పెట్రోలు ఖర్చులో వాళ్ళ అణాలూ బేడలూ ఉన్నాయి. వాళ్ళు ఇక్కడికొచ్చి కొలిమి లేపుతున్న కాలానికి, అక్కడ మద్రాసులో ఆయన వెలుగు ఆరిపోతూ ఉంది.

ఆరడం మొదలైంది 1950లోనే. పేరు శిఖరాన ఉండగా శివరావు సొంతంగా సినిమా తీశారు. నిర్మాత తనే, దర్శకుడు తనే. కథ ‘పరమానందయ్య శిష్యులు’. తెలుగు పిల్లలందరికీ తెలిసిన కథ. సూదిని తాటిదుంగకు గుచ్చి పన్నెండుమందీ మోసుకొచ్చే ఆ అమాయకపు శిష్యులను హాస్యనటుడు కాక ఇంకెవరు తియ్యాలి? నాయకుడు నాగేశ్వరరావు. గిరిజను తెరకు పరిచయం చేసింది ఈ సినిమాయే. ఎంపికలన్నీ సరైనవే. బొమ్మ ఆడలేదు.

నటుడికి ఒక సినిమా ఆడకపోతే ఒక వేషం పోయినట్టు. నిర్మాతకు ఒక సినిమా ఆడకపోతే అంతవరకూ వేసిన వేషాలన్నిటి సంపాదనా పోయినట్టు. స్టూడియో అద్దె, ముడి ఫిల్ము, జీతాలు, ప్రింట్లు, అన్నీ ముందుగా చెల్లించాలి. తిరిగి వచ్చేది హాళ్ళు నిండితేనే. అప్పిచ్చినవాడికి హాస్యంతో పని లేదు. ఆ దెబ్బ నుంచి శివరావు మళ్ళీ లేవలేకపోయారు.

తాగుడు వల్ల చెడిపోయాడని ఒక్క ముక్కలో తేల్చేస్తుంటారు. తాగుడు ఉంది, దాచవలసిన పని లేదు. కానీ ఆ మాట అక్కడితో ఆపేస్తే నాకు బాధ కలుగుతుంది. సంపాదించింది నగలకో పొలాలకో పెట్టకుండా మళ్ళీ బొమ్మకే పెట్టిన మనిషి ఆయన. తనను నిలబెట్టిన విద్య మీద పందెం కాసి ఓడిపోయారు. ఓటమి తరువాత వచ్చిన తాగుడునే ఓటమికి కారణంగా రాసుకోవడం అన్యాయం.

ఇక్కడ ఛత్తీస్‌గఢ్ మనుషులకు ఇలాంటి కథ ఒకటి బాగా తెలుసు. రాజ్‌నాంద్‌గావ్ దగ్గర రవేలీ గ్రామంలో భూస్వాముల ఇంట పుట్టిన దావూ మందరాజీ, ‘నాచా’ మేళం కట్టి, దానికోసం పొలాలన్నీ కరగబెట్టుకుని 1984లో బీదగా కన్నుమూశాడు. జోక్కర్ వేషగాడు రాత్రంతా ఊరిని నవ్వించే ఆట నాచా. ఆ ఆటకు పరువు తెచ్చినవాడని ఛత్తీస్‌గఢ్ ప్రభుత్వం ఆయన పేరిట ఇప్పుడు ఏటా పురస్కారం ఇస్తోంది. చెడిపోయాడని ఎవరూ అనరు. కళకోసం పెట్టాడనే అంటారు. మన శివరావు గురించి కూడా ఆ తీరున మాట్లాడే నోళ్ళు ఉండి ఉంటే బాగుండేది.

ఆ తరువాతి ఏళ్ళలో మద్రాసు ఎంత వేగంగా ముందుకు సాగిపోయిందో చెప్పడానికి ఒక్క సినిమా చాలు. 1951లో అదే కె.వి. రెడ్డి, అదే పింగళి నాగేంద్రరావు ‘పాతాళ భైరవి’ తీశారు. అదీ జానపదమే. ఈసారి నాయకుడు ఎన్.టి. రామారావు. హాస్యానికి రేలంగి ఉన్నాడు, బాలకృష్ణ ఉన్నాడు. శివరావు పరిచయం చేసిన గిరిజ కూడా ఉంది. శివరావు లేరు. గుణసుందరి కథకు రెండేళ్ళు కూడా నిండలేదు. ఆ పైన పదేళ్ళూ రేలంగి, గిరిజల జంట తెలుగు తెరను ఏలింది. రేలంగి గొప్పవాడు, ఆయన దగ్గర ఎవరి బాకీ లేదు. కానీ పరిశ్రమ ఒక హాస్యగాడికి ఒకే కుర్చీ వేస్తుంది. శివరావు లేచిన మరుక్షణం ఆ కుర్చీ నిండింది. ఆయనకు మిగిలినవి చిన్నాచితకా వేషాలు. కారు పోయింది, చుట్టూ చేరినవాళ్ళూ పోయారు.

అమెరికాలో బస్టర్ కీటన్ అనే నటుడి బతుకు ఇంచుమించు ఇలాగే దిగింది. పసివాడుగా ఉండగానే తల్లిదండ్రులతో రంగస్థలమెక్కి, తండ్రి విసిరేస్తే పడి లేచి జనాన్ని నవ్వించాడు. పెద్దయ్యాక ముఖంలో ఒక్క కండరమైనా కదలకుండా, ఇల్లు మీద కూలినా, రైలు మీదికొచ్చినా అదే చూపుతో నిలబడేవాడు. 1926లో ‘ది జనరల్’ తీశాడు. ఇవాళ లోకమంతా తల ఒంచే ఆ సినిమా అప్పట్లో ఆడలేదు. 1928లో సొంత స్టూడియో వదులుకుని ఎంజీఎం కంపెనీలో చేరాడు. తన బొమ్మ మీద తన చెయ్యి పోయింది. తాగుడు పట్టుకుంది. భార్య విడాకులు తీసుకుంది, ఇల్లు పోయింది, కొడుకుల ఇంటిపేరు సైతం మారిపోయింది. 1933లో కంపెనీ వెళ్ళగొట్టింది. తరువాత అదే కంపెనీలో చిన్న జీతానికి, ఇతరుల సినిమాలకు హాస్య సన్నివేశాలు రాసిచ్చాడు.

కీటన్‌కు మాత్రం రెండో ఆట పడింది. 1940లో ఎలినార్ అనే అమ్మాయిని పెళ్ళాడాడు, ఆమె అతన్ని నిలబెట్టింది. 1952లో చాప్లిన్ పిలిచి ‘లైమ్‌లైట్’లో తన పక్కన వేషమిచ్చాడు. కీటన్ పాత ఇంటిని కొన్న నటుడు జేమ్స్ మేసన్‌కు ఆ ఇంట్లో దాచిన పాత రీళ్ళు దొరికాయి. వాటిని బాగుచేయించి మళ్ళీ ఆడించినవాళ్ళు వచ్చారు. 1960లో గౌరవ ఆస్కార్ ఇచ్చారు. 1965లో వెనిస్ చిత్రోత్సవంలో హాలు హాలంతా లేచి నిలబడి చప్పట్లు కొట్టింది. 1966 ఫిబ్రవరి 1న, డెబ్బై ఏళ్ళ వయసులో, తన పేరు మళ్ళీ వెలగడం కళ్ళారా చూసి పోయాడు.

శివరావులో ప్రతిభ తక్కువై కాదు ఆయనకు ఇది జరగనిది. పాత బొమ్మను మళ్ళీ పైకి తీసే మనిషి, పాత నటుణ్ణి మళ్ళీ పిలిచే మనిషి కావాలి. అరవైలలో మన దగ్గర పాత సినిమా అంటే ప్రింటు అరిగేదాకా ఆడించుకునే సరుకు. అప్పటికి ఆయన వయసు యాభై దాటింది అంతే. కీటన్‌కు ఆస్కార్ వచ్చిన వయసు అరవై నాలుగు. అంతదాకా బతికి ఉంటే, ‘గుణసుందరి కథ’ను మళ్ళీ హాళ్ళలో వేసి ఆయన్ని పక్కన నిలబెట్టి చూపించే రోజు వచ్చేదేమో.

1966లో ‘పరమానందయ్య శిష్యుల కథ’ అని రామారావు నాయకుడుగా ఒక సినిమా వచ్చింది. పదహారేళ్ళ కిందట శివరావు సర్వమూ ఒడ్డిన కథే అది. దర్శకుడు సి. పుల్లయ్య. శివరావుకు ‘వరవిక్రయం’లో వేషమిచ్చిన ఆ పుల్లయ్యే. ఈసారి బొమ్మ ఆడింది. ఆ కథ జనానికి నచ్చుతుందని శివరావు వేసిన అంచనా తప్పు కాదని తేలింది.

అదే ఏడాది ఏప్రిల్ 24న కస్తూరి శివరావు చనిపోయారు. వయసు యాభై మూడు. కీటన్ పోయి మూడు నెలలు కూడా కాలేదు.