రామవిలాస సభ తయారుచేసిన నటుడు

చిత్తూరు నాగయ్యగారు చిత్తూరులో పుట్టలేదు. 1904 మార్చి 28న కృష్ణా డెల్టాలోని రేపల్లెలో పుట్టారు. ఇంటిపేరు వుప్పలదడియం. ఆయన పేరు ముందు చిత్తూరు చేరడానికి కారణం నాటకం.

బాల్యం కుప్పంలో గడిచింది. చదువుకు తిరుపతి దేవస్థానం ఉపకార వేతనం ఆసరా అయింది. కుప్పం నుంచి ఒక అడుగు ఇటు వేస్తే కన్నడం, అటు వేస్తే తమిళం. ఆ పొలిమేర గాలి పీల్చినవాడు కాబట్టే తర్వాత రెండు భాషల తెరల మీదా పరాయివాడిలా కనబడలేదని నా నమ్మకం. చిత్తూరులో కొంతకాలం గుమాస్తాగిరీ, ఆంధ్రపత్రికకు విలేఖరి పని చేశారు. 1930లో ఉప్పు సత్యాగ్రహం పిలుపు ఆయన్నూ కదిలించింది.

అసలు బడి మాత్రం చిత్తూరు శ్రీరామవిలాస సభ. పగలు కచేరీల్లో, బళ్లల్లో పనిచేసుకునేవాళ్లు రాత్రి ముఖానికి రంగు పూసుకునే కాలం అది. ఆడవేషాలూ మగవాళ్లే కట్టేవారు. సభవారి 'సారంగధర'లో నాగయ్యగారు చిత్రాంగి. సవతి కొడుకు మీద మనసుపడి, కాదన్నందుకు అతడి ప్రాణాల మీదికి తెచ్చే రాణి వేషం. ఆ మోహాన్నీ కసినీ రెండింటినీ పద్యంలోనే పలికించాలి. ఆ వేషమే ఆయనకు పేరు తెచ్చింది. విచిత్రమేమిటంటే 1941లో తమిళ 'అశోక్ కుమార్'లోనూ దాదాపు ఇదే కథ. ఈసారి ఆయన చక్రవర్తి అశోకుడు, కొడుకు కునాలుడు త్యాగరాజ భాగవతార్, సవతితల్లి కన్నాంబ. ఒకే కథను భార్య వైపు నుంచీ తండ్రి వైపు నుంచీ అనుభవించిన నటులు ఎందరుంటారు?

సినిమా ప్రవేశం 1938లో, హెచ్.ఎం. రెడ్డి 'గృహలక్ష్మి'తో. కల్లు మానమని పాడే సంఘసంస్కర్త పాత్ర, సత్యాగ్రహం తెలిసినవాడికి సరిగ్గా అతికింది. మరుసటి ఏడాదే బి.ఎన్. రెడ్డి తొలి చిత్రం 'వందేమాతరం'లో కథానాయకుడు, సంగీత దర్శకుడు కూడా. కె.వి. రెడ్డి తొలి చిత్రం 'భక్త పోతన'లో పోతన. 1946లో 'త్యాగయ్య'కు నటన, సంగీతం, దర్శకత్వం మూడూ ఆయనవే. 1947లో 'యోగి వేమన'.

ఇక్కడ ఆగి ఒక మాట చెప్పాలి. రంగస్థలం మీద పద్యం ఆఖరి వరుస దాకా వినబడాలి, అందుకే రాగం సాగదీసేవారు. ఆ అలవాటుతో తెరకొచ్చిన చాలామంది కెమెరా ముందూ అలాగే అరిచారు. నాగయ్యగారు గొంతు తగ్గించారు. సభలో నేర్చిన శ్రుతిశుద్ధిని ఉంచుకుని హంగు వదిలేశారు. పోతనను చూస్తే ఆ మనిషి తనలో తాను దేవుడితో మాట్లాడుకుంటున్నట్టే ఉంటుంది. తెలుగు తెర మీద నెమ్మదిగా నటించడం ఆయనతోనే నిలదొక్కుకుంది.

రామారావు, నాగేశ్వరరావుల కాలం వచ్చాక ఆయన తండ్రులు, ఋషుల పాత్రల్లోకి మారారు. దాన్ని పతనమనడం నాకు నచ్చదు. 'లవకుశ' (1963)లో వాల్మీకిని చూడండి. అడవిలో వదిలేసిన సీతకు ఆశ్రయమిచ్చే ఆ ముసలి ఋషిలో పోతన మెత్తదనమే ఉంది, నిడివి తగ్గిందంతే. తారగా వెలిగిన మనిషి పక్కకు నిలబడి ఇతరుల సన్నివేశాన్ని మోయడం చిన్న విషయం కాదు.

డబ్బు సంగతి వేరు. ఆయన చేతికి ఎముక లేదు. సంపాదించింది దానాలకూ సొంత చిత్రాలకూ పోయింది. 1965లో పద్మశ్రీ వచ్చింది, ఇబ్బందులు మాత్రం పోలేదు. 1973 డిసెంబర్ 30న మద్రాసులో కన్నుమూశారు. అక్కడ పానగల్ పార్కులో ఆయన విగ్రహం ఉంది. చిత్తూరులో నాటకాలాడే వేదికకు నాగయ్య కళాక్షేత్రమని పేరు పెట్టుకున్నారు.